కాలంచేసిన కవిపై డాక్యుమెంటరీ: ముందు ఏ పని పెట్టుకోవాలి?

ప్రశ్న
సాహిత్య, సాంస్కృతిక చరిత్ర మీదే వరసగా సినిమాలు తీయాలని సొంతంగా పని మొదలుపెట్టాను. మొదటిది ఒక కవి మీద. ఆయన పోయి పాతికేళ్లు. కుటుంబం దగ్గర ఉత్తరాలు, 6 అంగుళాల వెడల్పు ఫోటోలు, ఒక సూపర్ 8 రీలు (ఇళ్లలో తీసుకునే చిన్న సినిమా ఫిల్ము), ఆయన గొంతున్న స్పూల్ టేపులు ఉన్నాయి. అన్నీ వాడుకోమన్నారు. డబ్బు తక్కువ. ఏది ముందు చేయాలి?

జవాబు 1
ఆయన్ని ఎరిగిన పెద్దవాళ్ల ఇంటర్వ్యూలు ముందు కానివ్వండి. కెమెరా మామూలుదైనా పర్లేదు, మాట మాత్రం స్పష్టంగా రావాలి: కాలర్ మైకు, రికార్డర్ సెట్టింగు 48 కిలోహెర్ట్జ్, 24 బిట్, గొంతు పెంచినా మీటరులో శబ్దం మైనస్ 12 డీబీ (డెసిబెల్) దాటకుండా. సామాను సర్దేముందు ఒక నిమిషం గది నిశ్శబ్దాన్ని రికార్డు చేయండి. అది లేకపోతే ఎడిటింగులో మాట కోసిన ప్రతిచోటా తెలిసిపోతుంది.

ఇక, "వాడుకోమన్నారు" అంటే సరిపోదండీ. ఉత్తరం కాగితం అందుకున్నవారిది, అందులోని రాత మీద కాపీరైటు రాసినవారిది. ఆయనకొచ్చిన ఉత్తరాలకు అవి రాసినవాళ్లదో, వారి వారసులదో సంతకం కావాలి. ఫోటో హక్కు చాలాసార్లు తీసినవారిదే. కాపీరైటు మీద దేశాల మధ్య ఉన్న బెర్న్ ఒప్పందం ప్రకారమే రాతలకు రచయిత మరణం తర్వాత కనీసం 50 ఏళ్లు రక్షణ. చాలా దేశాల్లో 60, 70 కూడా. "ఫెస్టివల్స్ వరకే" అంటూ చవగ్గా ఇచ్చే లైసెన్సుతో జాగ్రత్త. టీవీవాళ్లో, ఓటీటీవాళ్లో అడిగిన రోజున మళ్లీ బేరం మొదలవుతుంది. ఆ ధర కూడా ఇప్పుడే అదే కాగితం మీద రాయించుకోండి.

జవాబు 2
టేపుని "ఒకసారి విందాం" అని మెషీన్ మీద పెట్టొద్దు. 1970, 80ల నాటి కొన్ని పాలిస్టర్ టేపుల్లో పూతను పట్టి ఉంచే జిగురు చెమ్మ పీల్చి మెత్తబడుతుంది. టేపు కీచుమంటుంది, గోధుమరంగు పూత ఊడి, మెషీన్‌లో టేపుని చదివే హెడ్‌కి అంటుకుంటుంది. ఆ పూతతోపాటే కవి గొంతూ పోతుంది. ల్యాబులో సుమారు 54 డిగ్రీల సెల్సియస్ దగ్గర గంటల తరబడి వేడిచేశాకే ట్రాన్స్‌ఫర్ చేస్తారు. అంతకుముందు కాలపు అసిటేట్ టేపుని మాత్రం వేడిచేయకూడదు. స్పూల్‌ని దీపానికి ఎదురుగా పట్టండి. చుట్టలోంచి వెలుతురు కనబడితే అసిటేట్.

సూపర్ 8 మామూలుగా సెకనుకు 18 ఫ్రేములు. 24లో నడిపితే మనుషుల కదలిక మూడో వంతు వేగం పెరుగుతుంది. దాన్ని పాతకాలపు అందమనుకుని వదిలేయడం వాళ్లకి చేసే అన్యాయం. ఫ్రేముకి ఫ్రేముగా స్కాన్ చేయించి, వేగం తర్వాత సరిచేసుకోండి. డబ్బా తెరవగానే వెనిగర్ వాసన వస్తే ఫిల్ము పాడవుతున్నట్టు, అన్నిటికంటే ముందు ఆ రీలే ల్యాబుకి వెళ్లాలి.

ప్రశ్న అడిగినవారు
ఫోటోల స్కాన్‌కు 300 డీపీఐ (అంగుళానికి 300 చుక్కలు) చాలా?

జవాబు 2
చాలదు. 6 అంగుళాలకు 1800 పిక్సెళ్లే వస్తాయి, 4కె ఫ్రేము వెడల్పే 3840. ఫోటోలో సగం వెడల్పు దాకా దగ్గరికి వెళ్లాలంటే 7680 కావాలి. 1200 డీపీఐ పెడితే దాదాపు అందుకుంటారు.

ఉత్తరాల్ని స్కాన్‌తో ఆపేయకండి. లైటు పక్కనుంచి, కాగితాన్ని ఒరుసుకుంటూ పోయేలా వేసి కెమెరాతో తీయండి. పాళీ నొక్కిన గాడి, కొట్టేసిన మాట కింద మొదట రాసిన మాట తేలతాయి.

జవాబు 3
ఒక్కటి కలుపుతాను. ఇంటర్వ్యూల్లో సినిమాకి ఎక్కేది కొంచెమే. మిగతాదంతా టైమ్‌కోడ్‌తో (ఏ మాట రికార్డింగులో ఏ నిమిషం, సెకను దగ్గరుందో ఆ గుర్తుతో) రాయించి, ఏ షాటుకి ఎవరి అనుమతి, ఎప్పటిదాకా అన్నది అదే పట్టికలో పెట్టండి. మూడు కాపీలు, ఒకటి వేరే ఊళ్లో. ఈ రంగంలో రెండో సినిమా తరచూ ఆ మిగులులోంచే పుడుతుంది.