పీఎస్2 స్లిమ్: సొంత డిస్కులు పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించాను, కొన్ని కనబడటం లేదు, కొన్ని ఆగి ఆగి ఆడుతున్నాయి

కొర్లగుంట అక్క (తిరుపతి)

అందరికీ నమస్కారం. ఇక్కడ రాయడం ఇదే మొదటిసారి. ఏ వివరం అవసరమో నాకు తెలియదు కాబట్టి అన్నీ చెబుతున్నాను, ఓపికగా చదవండి.

మా ఇంట్లో పీఎస్2 స్లిమ్ ఉంది, అంటే టీవీకి పెట్టి ఆడుకునే సోనీ ప్లేస్టేషన్ 2. అడుగున స్టిక్కర్ మీద నంబరు ఎస్‌సీపీహెచ్-77తో మొదలవుతుంది. 2007 దసరాకు నాన్న కొన్నారు. అప్పుడాయన చెన్నై సర్వీసు బస్సు నడిపేవారు. రిచీ స్ట్రీట్‌లో కొని, దుప్పట్లో చుట్టి, డ్రైవరు సీటు వెనకాల పెట్టుకుని తెచ్చారు. పుత్తూరు దగ్గర గుంతల్లో బస్సు ఎగిరినప్పుడల్లా గుండె జారిపోయిందని అమ్మతో చెప్పడం నాకింకా గుర్తుంది. తమ్ముడు అప్పుడు ఏడో తరగతి, నేను ఇంటర్.

ఇప్పుడు దాని లెన్స్ అయిపోయింది. డిస్క్ పెడితే నాలుగైదుసార్లు కర్రుకర్రుమని ఎర్ర తెర వచ్చేస్తుంది. తమ్ముడు కువైట్‌లో ఉంటాడు, రెండేళ్ళ తర్వాత సంక్రాంతికి వస్తున్నాడు. వాడు వచ్చేలోపల ఇది ఆడాలి. అంతే నా కోరిక.

మొదట ఊళ్ళో ఒక షాపుకు తీసుకెళ్ళాను. డిస్కులు అవసరం లేదు, మెమరీ కార్డులోకి ఫ్రీ మెక్‌బూట్ (డిస్క్ లేకుండానే బయటి ప్రోగ్రాంలను నడిపించేది) ఎక్కించి, పెన్‌డ్రైవ్ నిండా ఆటలు వేసిస్తాం అన్నారు. మా పాత కార్డు చేతిలోకి తీసుకుని, స్థలం చాలదు, ఫార్మాట్ చేసేద్దాం అన్నారు. తమ్ముడు ఆడి దాచుకున్న సేవ్‌లన్నీ అందులోనే ఉన్నాయి. గబుక్కున లాక్కుని ఇంటికొచ్చేశాను. తర్వాత ఫ్రీ మెక్‌బూట్ ముందే ఎక్కించిన వేరే కార్డు ఆన్‌లైన్‌లో తెప్పించుకున్నాను. అది ఒకటో స్లాట్‌లో పెడితే ఓపీఎల్ (పెన్‌డ్రైవ్‌లోంచి ఆటలు ఆడించే ప్రోగ్రాం) మెనూ బాగానే వస్తోంది.

నాకు ఎవరివో ఆటలు వద్దు. మా పదకొండు డిస్కులు చాలు. మా పాత డెస్క్‌టాప్‌లో డీవీడీ డ్రైవ్ ఉంది. ఇమ్గ్‌బర్న్ అనే ప్రోగ్రాంతో ఒక్కొక్క డిస్క్‌నూ ఐఎస్‌ఓ ఫైలుగా, అంటే డిస్క్ మొత్తానికి నకలుగా చేశాను. తొమ్మిది సరిగ్గా వచ్చాయి. అడుగు నీలంగా ఉండే కార్ల రేసు డిస్క్‌కు మాత్రం బిన్ అని ఒకటి, క్యూ అని ఒకటి, రెండు ఫైళ్ళు వచ్చాయి. 'హనుమాన్: బాయ్ వారియర్' సగం దాకా చదివి ఆగిపోయింది.

64 జీబీ పెన్‌డ్రైవ్ కొని ఎక్కిస్తే ఓపీఎల్‌లో ఒక్క ఆట కూడా కనబడలేదు. పాత 32 జీబీది ఫ్యాట్32గా (డ్రైవ్‌లో ఫైళ్ళు అమర్చే ఒక పద్ధతి) ఫార్మాట్ చేసి, 'డీవీడీ' అనే ఫోల్డరు పెట్టి మళ్ళీ ఎక్కించాను. ఇప్పుడు కొన్ని కనబడుతున్నాయి. 4.2 జీబీ ఉన్న ఒక ఫైలు, డ్రైవ్‌లో ఖాళీ ఉన్నా, చాలా పెద్దదంటూ కాపీ కావడం లేదు. ఒక ఆట పేరు కనబడుతుంది కానీ నొక్కితే ఫ్రాగ్మెంట్ అని ఏదో వచ్చి వెనక్కి పోతుంది. తమ్ముడికి ఇష్టమైన క్రికెట్ ఆట మొదలవుతుంది, కానీ ముందు వచ్చే వీడియో నత్తలా నడుస్తుంది, మాటలు తెగిపోతాయి. నేను ఎక్కడ తప్పు చేస్తున్నాను?

---

మిట్టూరు మెకానిక్ (చిత్తూరు)

అమ్మా, డిస్కుల సంగతి తర్వాత. ముందు ఆ పాత మెమరీ కార్డు సంగతి చూడండి. డిస్క్ పగిలినా అదే ఆట ఇంకొకరి దగ్గర దొరుకుతుంది. ఆ కార్డులో ఉన్నది లోకంలో ఇంకెక్కడా లేదు. 8 ఎంబీ కార్డు అది, పద్దెనిమిదేళ్ళు దాటింది. షాపులో మీరు లాక్కోవడం చాలా మంచి పని.

పాత కార్డు రెండో స్లాట్‌లో పెట్టండి. ఓ ఖాళీ పెన్‌డ్రైవ్ ఫ్యాట్32లో పెట్టండి. ఫ్రీ మెక్‌బూట్ మెనూలో యులాంచ్‌ఎల్ఫ్ ఉంటుంది, అందులో ఫైల్ బ్రౌజర్ తెరవండి. ఎంసీ0, ఎంసీ1 అని కనబడతాయి. లెక్క సున్నా నుంచి మొదలవుతుంది కాబట్టి రెండో స్లాట్ అంటే ఎంసీ1. దాంట్లో ప్రతి ఆటకూ ఒక ఫోల్డరు ఉంటుంది. ఆర్1 నొక్కితే మెనూ వస్తుంది, కాపీ కొట్టండి. తర్వాత మాస్ అని ఉండేదే మీ పెన్‌డ్రైవ్. అక్కడికి వెళ్ళి మళ్ళీ ఆర్1 నొక్కి, మామూలు పేస్ట్ కాకుండా పీఎస్‌యూపేస్ట్ ఎంచుకోండి. మామూలు పేస్ట్‌లో ఫైళ్ళు వెళ్తాయి కానీ పీఎస్2 వాటికి పెట్టుకున్న గుర్తులు, తేదీలు పోతాయి. పీఎస్‌యూ అయితే ఫోల్డరు మొత్తం ఒకే ఫైలుగా, ఉన్నది ఉన్నట్టు వస్తుంది. ఆ ఫైళ్ళు డెస్క్‌టాప్‌లో ఒకచోట, మీ మెయిల్‌లో ఒకచోట పెట్టుకోండి. ఇది అయ్యేదాకా ఆ కార్డుతో వేరే ఏ ప్రయోగమూ చేయకండి.

ఇక మీ ప్రశ్నలు. 64 జీబీది విండోస్‌లో ఎక్స్‌ఫ్యాట్ అనే ఇంకో పద్ధతిలో ఉంటుంది, మీ ఓపీఎల్ పాతదైతే దానికి అది కనబడదు. విండోస్ మామూలు ఫార్మాట్ తెరలో 32 జీబీ దాటితే ఫ్యాట్32 ఇవ్వదు, రూఫస్ అనే ప్రోగ్రాంతో చేసుకోవచ్చు. ఓపీఎల్ కొత్త 1.2 బీటాలు ఎక్స్‌ఫ్యాట్‌ను కూడా చదువుతాయి. ఫ్యాట్32లో ఒక ఫైలు 4 జీబీ దాటకూడదు, మీ 4.2 ఫైలు అందుకే ఆగింది. యూఎస్‌బీయుటిల్ అనే చిన్న ప్రోగ్రాం దాన్ని ఒక్కో జీబీ ముక్కలుగా కోసి, యూఎల్ అని మొదలయ్యే పేర్లతో ఎక్కిస్తుంది. ఆ పేర్లు మార్చకండి, ఓపీఎల్ వాటినే వెతుక్కుంటుంది.

నీలం అడుగున్నది సీడీ, డీవీడీ కాదు. పీఎస్2 మొదటి రోజుల్లో చిన్న ఆటలు సీడీల మీదే వచ్చేవి. ఆ బిన్‌ను ఓపీఎల్ మేనేజర్‌తో ఐఎస్‌ఓగా మార్చి 'సీడీ' అనే ఫోల్డరులో పెట్టండి. డీవీడీ ఫోల్డరులో పెడితే కన్సోల్ దాన్ని తప్పుగా అర్థం చేసుకుంటుంది.

ఫ్రాగ్మెంట్ అంటే ఏమీ లేదు. ఫైలు పెన్‌డ్రైవ్‌లో ముక్కలు ముక్కలుగా అక్కడొకటి ఇక్కడొకటి పడింది. ఓపీఎల్‌కు ఫైలు మొదటి నుంచి చివరిదాకా ఒకే వరుసలో ఉండాలి. మీరు ఒకటి తీసేసి ఇంకొకటి ఎక్కించి ఉంటారు. డ్రైవ్ మొత్తం ఫార్మాట్ చేసి, ఒకటి పూర్తయ్యాక ఇంకొకటి చొప్పున ఎక్కించండి. అన్నీ ఒకేసారి లాగి వదలకండి.

వీడియో నత్తనడక మాత్రం మీ తప్పు కాదు. రాత్రికి వివరంగా రాస్తాను, ఇప్పుడు షాపులో పని ఉంది.

---

రేణిగుంట తమ్ముడు

అక్కా, వీడియో సంగతి నేను చెబుతాను, నేను దాంతో నెల రోజులు తల బద్దలు కొట్టుకున్నాను. పీఎస్2లో యూఎస్‌బీ పాత 1.1 రకం. సెకనుకు 12 మెగాబిట్లు, అంటే లెక్క ప్రకారమే ఒకటిన్నర మెగాబైట్లు, ఆడేటప్పుడు అంత కూడా రాదు. డీవీడీ డ్రైవ్ 4ఎక్స్ వేగంతో సెకనుకు దాదాపు ఐదు మెగాబైట్లు ఇస్తుంది. ఆట తయారుచేసినవాళ్ళు ఆ ఐదును నమ్ముకుని వీడియోలు పెట్టారు. అందుకే మీ పెన్‌డ్రైవ్ ఎంత ఖరీదైనదైనా తేడా ఉండదు.

మీ స్లిమ్ వెనక లాన్ సాకెట్ ఉంటుంది. నేను దానికి రూటర్ నుంచి కేబుల్ పెట్టి, పాత రాస్ప్‌బెర్రీ పై అనే బుల్లి కంప్యూటర్‌లో సాంబా (నెట్‌వర్క్‌లో ఫైళ్ళు పంచే ప్రోగ్రాం) వేసి, ఆటలన్నీ అందులో పెట్టాను. వీడియోలు డిస్క్‌లో ఉన్నట్టే నడుస్తున్నాయి. విండోస్ కంప్యూటర్‌తో కూడా అవుతుంది కానీ ఓపీఎల్‌కు ఎస్‌ఎంబీ (విండోస్ నెట్‌వర్క్‌లో ఫైళ్ళు పంచుకునే పద్ధతి) మొదటి వెర్షన్ కావాలి. విండోస్ 10 నుంచి దాన్ని ఆపేసి ఇస్తున్నారు, కారణం భద్రత. బ్యాంకు పనులు చేసుకునే కంప్యూటర్‌లో దాన్ని మళ్ళీ తెరవద్దని నా మాట. అంత హైరానా వద్దంటే ఎంఎక్స్4ఎస్‌ఐఓ అనే అడాప్టర్ దొరుకుతుంది. ఎస్‌డీ కార్డు అందులో పెట్టి రెండో మెమరీ కార్డు స్లాట్‌లో పెట్టడమే, యూఎస్‌బీ కంటే వేగం. కానీ ఆ స్లాట్‌లో మీ పాత కార్డు ఉంటుంది కదా, ఎలాగో చూసుకోండి.

ప్రస్తుతానికి క్రికెట్ ఆట మీద ట్రయాంగిల్ నొక్కి, సెట్టింగ్స్‌లో మోడ్ 4 పెట్టి చూడండి. అది వీడియోలను దాటవేస్తుంది.

---

ఎస్వీయూ హాస్టల్

అక్కా, మీ దగ్గర 'హనుమాన్: బాయ్ వారియర్' ఉందని చదివి ఆగలేక రాస్తున్నాను. అది 2009లో హైదరాబాద్‌లో ఆరోనా టెక్నాలజీస్ వాళ్ళు చేసిన ఆట. అదే ఏడాది వచ్చిన 'దేశీ అడ్డా' కూడా హైదరాబాద్ గేమ్‌శాస్త్ర వాళ్ళదే. కబడ్డీ, బిళ్ళంగోడు, గాలిపటాలు పీఎస్2లో ఆడొచ్చంటే అప్పుడు నాకు నమ్మబుద్ధి కాలేదు. మన ఊళ్ళవాళ్ళు ఈ మెషీన్‌కు చేసిన ఆటలు ఎన్నో లేవు. ఆ డిస్క్‌ను ఎలాగైనా కాపాడండి, ఆగిపోయింది కదా అని పక్కన పడేయకండి.

మెత్తటి బట్టతో మధ్య నుంచి అంచు వైపు నిలువుగా తుడవండి, గుండ్రంగా తిప్పి తుడవకండి. ఇమ్గ్‌బర్న్‌లో చదివే వేగాన్ని బాగా తగ్గించండి. అప్పటికీ ఆగితే ఇంకో కంపెనీ డ్రైవ్‌లో పెట్టండి. ఒక డ్రైవ్ చదవలేని గీతను ఇంకొకటి చదివేస్తుంది, చాలాసార్లు చూశాను. ఫైలు వచ్చాక దాని ఎండీ5 సంఖ్యను (ఫైలుకు వేలిముద్ర లాంటిది) రీడంప్ అనే సైటు జాబితాలో ఆ డిస్క్‌కు ఉన్న సంఖ్యతో పోల్చండి. కలిస్తే ఒక్క బిట్ కూడా పోలేదని అర్థం.

ఎవరైనా అడుగుతారేమో, నేనే చెబుతాను. కాపీరైట్ చట్టం 1957లో 52(1)(ఎఎ) చదవండి. న్యాయంగా తన దగ్గరున్న కంప్యూటర్ ప్రోగ్రాంకు, పాడైపోతుందనే జాగ్రత్త కోసం బ్యాకప్ తీసుకోవడం అందులో ఉంది. నలుగురికి పంచడానికి కాదు. షాపులవాళ్ళు నింపి అమ్మే పెన్‌డ్రైవులకు దాంతో ఏ సంబంధమూ లేదు.

---

కొర్లగుంట అక్క

మీ ముగ్గురికీ ఎలా కృతజ్ఞత చెప్పాలో తెలియడం లేదు. మూడు రోజులు రాయలేకపోయాను, అమ్మకు జ్వరం.

అన్నా, మీరు చెప్పినట్టు ముందు కార్డే చూశాను. ఎంసీ1లో పద్నాలుగు ఫోల్డర్లు. అన్నీ పీఎస్‌యూపేస్ట్ చేసి, డెస్క్‌టాప్‌లోనూ మెయిల్‌లోనూ పెట్టాను. తర్వాత ఫార్మాట్ చేసిన డ్రైవ్‌లోకి ఆటలు ఒక్కొక్కటే ఎక్కించాను. రాత్రి పన్నెండున్నర అయింది. పెద్ద ఫైలును యూఎస్‌బీయుటిల్ ఐదు ముక్కలు చేసింది. ఆడుతోంది. కార్ల రేసు సీడీ ఫోల్డరులోకి మారగానే ఆడుతోంది. ఫ్రాగ్మెంట్ మళ్ళీ రాలేదు.

క్రికెట్‌కు మోడ్ 4 పెట్టాను, నేరుగా మెనూకు వెళ్ళింది. పాత సేవ్ తెరిచాను. తమ్ముడు ఒక జట్టుకు మా ఇంట్లోవాళ్ళ పేర్లు పెట్టుకున్న సంగతి నేను పూర్తిగా మర్చిపోయాను. ఓపెనర్లు వాడూ నేనూ. చంద్రగిరి తాతయ్య మూడో నంబరు. వికెట్ కీపర్ నాన్న. తాతయ్య 2011లో పోయారు, నాన్న పోయి నాలుగేళ్ళయింది. పన్నెండో ఆటగాడిగా మా వీధి కుక్క పేరు. అమ్మను లేపి చూపించాను. జ్వరంలోనే లేచి కూర్చుని పేర్లన్నీ పైకి చదివింది. తాతయ్యతో రెండు ఓవర్లు ఆడించమంది. ఆడించాను.

ఆ షాపులో ఇంకో నిమిషం ఊరుకుని ఉంటే అని ఆలోచిస్తే ఇప్పటికీ చేతులు చల్లబడుతున్నాయి.

రేణిగుంట తమ్ముడూ, లాన్ సంగతి పండక్కి తమ్ముడు వచ్చాక వాడితోనే చేయిస్తాను, వాడికి అలాంటివి ఇష్టం. హనుమాన్ మాత్రం ఇంకా రాలేదు. తుడిచాను, వేగం తగ్గించాను, మొదట ఆగినచోటు దాటింది కానీ చివర్లో మళ్ళీ ఆగింది. మా దగ్గర ఇంకో డ్రైవ్ లేదు.

---

మిట్టూరు మెకానిక్ (చిత్తూరు)

చాలా సంతోషం అమ్మా. అమ్మగారికి జ్వరం తగ్గిందా?

నా దగ్గర మూడు రకాల డీవీడీ డ్రైవులు ఉన్నాయి, అందులో ఒకటి గీతలు పడిన డిస్కులకే ఉంచుకున్నాను. ఆదివారం చిత్తూరు రాగలిగితే నా ఎదురుగానే చదివిద్దాం, డబ్బులేమీ వద్దు. డిస్క్‌ను కవరులో వదులుగా కాకుండా గట్టి డబ్బాలో పెట్టి తీసుకురండి. మెమరీ కార్డు మాత్రం ఇంట్లోనే ఉంచండి.

---

కొర్లగుంట అక్క

తగ్గింది అన్నా, ఇవాళ ఇడ్లీ తిన్నది. ఆదివారం తొమ్మిది గంటల బస్సుకు వస్తాను. షాపు ఎక్కడో నాకు విడిగా మెసేజ్ పెట్టండి. ఖాళీ పెన్‌డ్రైవ్ కూడా తెస్తాను.