అప్‌డేట్: పేరే వినని చీరల సైట్‌కి ప్రమోషన్ రాయమన్నారు అని అడిగాను కదా, అయిపోయింది

రిప్లై ఇచ్చిన అందరికీ థాంక్స్. పోచంపల్లి చీరలమ్మే కొత్త సైట్, డబ్బులిచ్చి పొగుడుతూ రాయమన్నారు, ఎక్కడ మొదలెట్టాలో తెలీక అడిగాను. "ముందు ఒక చీర కొని చూడండి" అన్న సలహానే పనిచేసింది. వచ్చిన చీర వెనక్కి తిప్పితే డిజైన్ వెలిసిపోయినట్టుంది, అంటే ప్రింట్. అసలు ఇక్కత్‌లో, అంటే పోచంపల్లి నేత పద్ధతిలో, నూలుకే ముందు రంగులద్ది తర్వాత నేస్తారు కాబట్టి రెండువైపులా దాదాపు ఒకేలా కనిపిస్తుంది, డిజైన్ గీతల అంచులు కొంచెం చెదిరినట్టు ఉంటాయి. వాళ్లనడిగితే రెండు రకాలూ అమ్ముతున్నాం అన్నారు, పేజీలో మాత్రం అన్నిటికీ ఒకటే పేరు! వేరుచేస్తేనే రాస్తానన్నా, గొణుక్కుంటూనే మార్చారు. ఇక ఆర్టికల్ ప్లాన్ దానంతటదే వచ్చేసింది, ప్రింట్‌కీ నేతకీ తేడా ఎలా పట్టుకోవాలి అనేదే సగం, సైట్ గురించి చివర్లో. పైన "ఇది పెయిడ్" అని పెట్టా, లింక్‌కి స్పాన్సర్డ్ ట్యాగ్ కూడా (ఇది డబ్బు తీసుకుని పెట్టిన లింక్ అని సెర్చ్ ఇంజిన్లకి చెప్పే గుర్తు). జీఎస్టీ పోర్టల్‌లో సైట్ వాళ్ల జీఎస్టీ నంబర్ కొట్టి చూడమన్నదీ మంచిదే, పేరు సరిపోయింది. డొమైన్ వయసు (సైట్ పేరు రిజిస్టరై ఎన్నాళ్లైందో), అడ్రస్ బార్‌లో తాళం గుర్తు, ఇవేవీ పనికిరాలేదు, తాళం దొంగ సైట్లకీ ఉంటుంది.