కథలో సముద్రపు జాతర రాస్తున్నా, తీరం వాళ్లు కాస్త సాయం చేయండి

మాది నల్గొండ దగ్గర పల్లె. నీళ్లంటే నాకు చెరువు, సాగర్ డ్యాం, అంతే. ఇప్పుడు ఫాంటసీ నవలొకటి రాస్తున్నా. ఆ లోకంలో ఇద్దరు చందమామలు. ఇద్దరూ ఒకే వరుసలోకి వచ్చిన రాత్రి సముద్రం బాగా వెనక్కి పోయి, మునిగిన గుడి మెట్లు బయటపడతాయి. ఊరి ఆడవాళ్లు ఆ మెట్ల మీద, వేటకు పోయి తిరిగిరానివాళ్ల పేరున దీపాలు పెట్టి, నీళ్లు మళ్లీ వచ్చేలోపు ఒడ్డు చేరాలి. దీనికి ఉప్పుజాతర అని పేరు పెట్టా.

అమావాస్య, పున్నాలకు పోటు ఎక్కువని, ఆటుకూ పోటుకూ మధ్య సుమారు 6 గంటలని చదివాను. మన తూర్పు తీరంలో ఆటుపోట్ల నీటిమట్టం తేడా తక్కువేగానీ గుజరాత్‌లో ఖంభాత్ వైపు 10 మీటర్లదాకా ఉంటుందట. లెక్కల టెన్షన్ లేదు, ఇద్దరు చంద్రులున్నారు కాబట్టి నా ఇష్టం. తెలియనిది అనుభవమే. నీళ్లు తిరిగొచ్చేటప్పుడు ఎదురుగా వస్తాయా, పల్లాలు నింపుకుంటూ వెనకనుంచి చుట్టేస్తాయా? చప్పుడు ముందే వినిపిస్తుందా? తడి ఇసుకలో పరుగెత్తగలమా, కాళ్లు దిగబడతాయా?

ఇంకొకటి. మహబూబ్‌నగర్ వైపు కురుమూర్తి జాతరలో ఉద్దాల (స్వామి పాదుకల) ఊరేగింపులాగా డప్పులతో నడిపించాలని ఉంది. మా దగ్గరే చలికాలం డప్పును మంట దగ్గర కాచి వాయిస్తారు. ఆ ఉప్పుగాలికి తోలు ఎంతసేపు బిగువుగా ఉంటుంది? అలల హోరులో అసలు వినపడుతుందా? తీరంలో డప్పు కొట్టినవాళ్లెవరైనా ఉంటే ముందు ఇది చెప్పండి, ఆ అధ్యాయం దీని దగ్గరే ఆగింది.