డాన్స్‌హాల్ బీట్‌లో దెబ్బ బలంగా వినిపించాలంటే ఏమి చేయాలి?

ప్రశ్న (నల్లగొండ): నేను గాత్రం లేని డాన్స్‌హాల్ (జమైకాలో పుట్టిన నృత్య సంగీత శైలి) బీట్‌ను 100 బీపీఎం (నిమిషానికి 100 దెబ్బలు) వేగంలో తయారు చేస్తున్నాను. కిక్ (లోతైన డ్రమ్ము దెబ్బ), స్నేర్ (పదునైన డ్రమ్ము దెబ్బ), బేస్ (లోతైన స్వరాల వరుస) విడివిడిగా గట్టిగానే ఉన్నా, కలిపి వింటే బలం తగ్గిపోతోంది. స్నేర్‌కు బదులు మన డప్పును వాడవచ్చా?

జవాబు (మహబూబ్‌నగర్): కిక్, బేస్ రెండూ 60 హెర్ట్జ్ (బాగా లోతైన ధ్వని) పరిసరాల్లోనే పోటీపడుతున్నాయేమో చూడండి, కిక్ పడిన క్షణంలో బేస్ కొద్దిగా తగ్గేలా సైడ్‌చైన్ కంప్రెషన్ (ఒక ధ్వని వచ్చినప్పుడు మరొకదాన్ని తానే తగ్గించే అమరిక) పెడితే రెండింటికీ చోటు దొరుకుతుంది. అసలు బలమంతా 3-3-2 నడకలో, అంటే ఎనిమిది భాగాలను మూడు, మూడు, రెండుగా విడగొట్టే లయలో ఉంది. అర ఆవర్తనాన్ని (నాలుగు దెబ్బల చుట్టులో సగాన్ని) ఎనిమిది భాగాలు చేసి, 1పై కిక్‌ను, 4, 7లపై స్నేర్‌ను ఉంచి, మిగిలిన చోట్లను వీలైనంత ఖాళీగా వదలండి.

జవాబు (సూర్యాపేట): పైవారి మాట నిజం. జమైకాలో 1985లో సంగీత నిర్మాత కింగ్ జామీ విడుదల చేసిన స్లెంగ్ టెంగ్ రిడిమ్ (పాటకు ఆధారమయ్యే వాద్య సంగీతం) కాసియో ఎంటీ-40 అనే చిన్న కీబోర్డులో ముందే ఉన్న లయపైనే నిలిచింది. పొరలు పెంచడం కన్నా తగ్గించడమే మేలని నా అభిప్రాయం.

జవాబు (దేవరకొండ): డప్పును తప్పక వాడండి. చర్మాన్ని మంట దగ్గర బాగా కాచి, చిటికెన పుల్ల (డప్పు వాయించే సన్నని పుల్ల) దెబ్బను విడిగా రికార్డు చేసి, అందులోని లోతైన ధ్వనులను ఈక్వలైజర్‌తో (ధ్వని స్థాయులను విడివిడిగా పెంచి తగ్గించే సాధనంతో) తొలగిస్తే అది కిక్‌కు అడ్డురాదు.