డాక్యుమెంటరీ: కెమెరా ఆన్ చేస్తే చాలు ఆయన పాఠం చెప్పడం మొదలుపెడుతున్నారు, ఏం చేయాలి?

ప్రశ్న:
పాత రేడియోలు బాగుచేసే ఒక పెద్దాయన మీద డాక్యుమెంటరీ తీస్తున్నాను. ఇంటర్వ్యూలు, వ్యాఖ్యానం, మ్యూజిక్ ఏవీ వద్దనుకున్నాను. ఆయన పని, ఆ గది, వచ్చిపోయే మనుషులు, అంతే. కానీ కెమెరా ఆన్ చేయగానే నా వైపు తిరిగి "ఇది కెపాసిటర్, ఇదే పోయింది" అంటూ వివరిస్తారు. ఇంకోటి, నేను వీడియో ఇన్‌స్టలేషన్లు (గ్యాలరీ గదుల్లో తెరల మీద వీడియోలు అమర్చి చూపించేవి) కూడా చేస్తాను కాబట్టి ఇదే ఫుటేజీని గ్యాలరీలో పెట్టాలని ఉంది. రెండింటికీ ఒకే ఎడిట్ సరిపోతుందా?

జవాబు 1:
చెప్పనివ్వండి, ఆపకండి. ఆయన చెప్పడం అయిపోయాక కూడా రికార్డింగ్ నడుస్తూనే ఉండాలి, అసలు సంగతి అక్కడ మొదలవుతుంది. సోల్డరింగ్ ఐరన్ మొనను తడి స్పాంజికి తుడిచి, కళ్లద్దాలు నుదుటి మీదికి నెట్టి, బోర్డును దాదాపు ముక్కుకి ఆనించుకుని చూస్తారు చూడండి, అప్పుడు మీరున్న ధ్యాసే ఉండదు ఆయనకి. జూమ్ జోలికి పోకండి, దగ్గరి షాట్ కావాలంటే మీరే దగ్గరికి వెళ్లండి. మీరెక్కడున్నారో ఆయనకి తెలుస్తూ ఉండాలి, లేకపోతే అది చాటుగా చూడటమే.

సౌండ్ మీద కూడా అంతే శ్రద్ధ పెట్టండి. అమెరికన్ డాక్యుమెంటరీ దర్శకుడు ఫ్రెడరిక్ వైజ్‌మన్ కెమెరా వేరేవాళ్లకి ఇచ్చి, సౌండ్ రికార్డింగ్ తనే చేసేవారు, మైకు ఎటు తిప్పితే కెమెరా అటు వెళ్లేది. ఆయన సినిమాల్లో కూడా వ్యాఖ్యానం ఉండదు, ఇంటర్వ్యూలు ఉండవు. ఆ రూపమంతా ఎడిటింగ్‌లో నెలల తరబడి కూర్చుంటే వచ్చింది.

జవాబు 2:
పై జవాబుతో సగమే ఒప్పుకుంటాను. మనం అక్కడ లేనట్టు ఎందుకు చూపించాలి? 1960 ప్రాంతంలో భుజాన మోసే 16 ఎంఎం కెమెరాలు, వాటితో కలిసి నడిచే టేప్ రికార్డర్లు వచ్చాక రెండు దారులూ పుట్టాయి. అమెరికాలో రాబర్ట్ డ్రూ బృందం పక్కన నిలబడి జరిగేది తీసింది. ఫ్రాన్స్‌లో జాఁ రూష్, ఎడ్గార్ మొరాఁ 1961 నాటి సినిమాలో మనుషుల్ని నేరుగా ప్రశ్నలడిగారు, తీసింది వాళ్లకే వేసి చూపించి, వాళ్లేమన్నారో అది కూడా సినిమాలో పెట్టారు. మీ పెద్దాయనకి మీతో మాట్లాడాలని ఉంది, అది ఆ గదిలో నిజంగా జరుగుతున్న విషయమే కదా. దాన్ని కోసేస్తే అబద్ధం చెప్పినట్టే అని నా గట్టి అభిప్రాయం.

జవాబు 3:
గ్యాలరీకి ఎడిట్ వేరుగానే చేయాలి. హాల్లో ప్రేక్షకుడు మొదటి నుంచి కూర్చుంటాడు, గ్యాలరీలో మధ్యలో వస్తాడు, మధ్యలో వెళ్లిపోతాడు, కాబట్టి ఎక్కడ చూడటం మొదలుపెట్టినా పట్టు దొరకాలి. బెల్జియం దర్శకురాలు షాంటాల్ ఆకెర్మాన్ 1993లో తూర్పు యూరప్ మీద తీసిన సినిమాని 1995లో ఇన్‌స్టలేషన్‌గా మార్చినప్పుడు ఒక గదిలో సినిమా మొత్తం వేసి, ఇంకో గదిలో దాని ముక్కల్ని 24 మానిటర్ల మీద పరిచారు, వాటి మధ్య మనం నడుస్తూ చూడాలి. మీరైతే చేతుల షాట్లు ఒక తెర మీద, ఎదురుచూసే మనుషుల ముఖాలు ఇంకో తెర మీద వేసి చూడండి. రెండు తెరల సౌండ్ ఒకదాని మీద ఒకటి పడుతుంది, అది ముందే ఆలోచించుకోండి. గ్యాలరీకి ఆయన అనుమతి విడిగా అడగండి, సినిమాకి సరే అన్నంత మాత్రాన తన ముఖం గోడంత పెద్దదిగా రోజంతా తిరగడానికి ఒప్పుకున్నట్టు కాదు.

ప్రశ్న అడిగినవారు:
అందరికీ చాలా థాంక్స్. ఆయన మాటలు ఉంచేస్తాను, కొన్నైనా. అనుమతి సంగతి ఈసారి కెమెరా బయటికి తీయకముందే మాట్లాడతాను. ఒక్క డౌట్: స్టేషన్ కోసం ట్యూన్ చేసేటప్పుడు వచ్చే గరగర శబ్దాన్ని విడిగా రికార్డ్ చేసుకోవాలంటే మైకు స్పీకర్ దగ్గర పెట్టాలా, ఆయన కూర్చునే చోట పెట్టాలా?