మాటల్లేని షార్ట్ ఫిలిం మందిరంలో వెయ్యొచ్చా?

గుణుపురం కుర్రోడు:
అందరికీ వందనాలు. శ్రమదినాల్లో, అంటే ఈస్టర్ ముందు ఉపవాస రోజుల్లో, మా యూత్ వాళ్ళం ఫోన్‌తో తీసిన ఏడు నిమిషాల ఫిలిం మందిరంలో వేశాం, యోహాను సువార్త 13లో ఏసయ్య శిష్యుల పాదాలు కడిగే ఘట్టం, కానీ ఏసయ్య మొహం లేదు డైలాగ్ లేదు పాట లేదు, స్టీల్ బేసిన్, రెండు చేతులు, పగుళ్లిచ్చిన మడమలు, నీళ్ల చప్పుడు అంతే. అందులో నాలుగు నిమిషాలు ఒకటే షాట్. అయ్యాక ఓ మామ్మ "ఏసయ్య ఎప్పుడొస్తాడు బాబూ" అంది. పెద్దలేమో ఇక సినిమాలొద్దన్నారు. తప్పెవరిది?

పర్లాకిమిడి పాతకాపు:
నీదే తమ్ముడూ. "వినుట వలన విశ్వాసము కలుగును" అని రోమా 10:17లో ఉంది కదా, వినడానికి నువ్వేం పెట్టావు? 1978లో ఏసయ్య సినిమా కరుణామయుడు వచ్చింది, మా పేటలో తెర కట్టి వేస్తే ఆడోళ్ళు కొంగు నోట్లో కుక్కుకుని ఏడ్చారు. కూలికెళ్ళొచ్చినోళ్ళకి చీకట్లో చేతులు చూపిస్తే నిద్రొస్తది.

జయపురం అక్క:
నా గొడవ అదే అన్నయ్యా, ఇప్పటికీ ప్రార్థనలో కళ్ళు మూసుకుంటే నాకు అందులో ఏసయ్యగా వేసిన విజయచందర్ మొహమే వస్తది! మొహం చూపించకపోవడమే మంచి పని. ఇంకోటి, 2011 లెక్కల్లో ఒడిశాలో మీ పర్లాకిమిడి ఉన్న గజపతి జిల్లాలో నూటికి దాదాపు 38 మంది క్రైస్తవులు, వాళ్ళలో సొంత భాష ఉన్న సవర గిరిజనులు ఎంతమంది, ఒడియా వాళ్ళు ఎంతమంది, తెలుగు డైలాగ్ పెడితే ఎవరికి ఎక్కుద్ది? నీళ్ల చప్పుడుకి భాషేంటి. ఇటలీ డైరెక్టర్ పసోలినీ దేవుణ్ణి నమ్మనోడు, 1964లో మత్తయి సువార్తని నటులు కానోళ్ళతో తీశాడు, ముసలి మరియమ్మగా సొంత తల్లినే పెట్టాడు, అది చూసినోళ్ళు మర్చిపోలేరు.

పర్లాకిమిడి పాతకాపు:
అందులో మాటలన్నీ మత్తయివే చెల్లెమ్మా, మాట తీసెయ్యలేదు.

జయపురం అక్క:
సరే అది ఒప్పుకుంటా. మరి యోహాను 8లో ఏసయ్య వంగి నేల మీద వేలితో రాశాడు, ఏం రాశాడో ఎవరికైనా తెలుసా?

పర్లాకిమిడి పాతకాపు:
తెలీదు. కానీ మార్కు 4:34 కూడా చదువు, జనానికి ఉపమానాలే చెప్పినా శిష్యుల్ని పక్కకి పిలిచి అన్నీ విడమర్చాడు. తమ్ముడు ఫిలిం వేసి పక్కన కూచున్నాడు, లేచి రెండు ముక్కలు చెప్పుంటే ఈ గొడవే లేదు.

గుణుపురం కుర్రోడు:
అది నిజమే అన్నా, భయమేసి లేవలేదు. నిన్న మామ్మకి ఫోన్లో మళ్ళీ చూపించా, ఈసారి ఏసయ్య గురించి అడగలేదు, మడమల మీద వేలు పెట్టి "నీళ్ళు చల్లగున్నాయా" అంది.

పర్లాకిమిడి పాతకాపు:
ఏమన్నావు?

గుణుపురం కుర్రోడు:
బోరు నీళ్ళు మామ్మా, గోరువెచ్చగానే ఉన్నాయన్నా.