ఒడిశాలో మునిసిపల్ షాపు ఖాళీ చేయమని నోటీసు: ఏం చేయాలి?

అందరికీ నమస్కారం. మాది రాయగడ జిల్లాలో ఒక చిన్న పట్టణం. స్థానిక సంస్థ కట్టిన కాంప్లెక్స్‌లో మా నాన్నగారు 1998లో అద్దెకు షాపు తీసుకుని కుట్టుమిషన్ పెట్టారు. ఆయన 2016లో పోయారు. అప్పటినుంచి అమ్మే నడుపుతోంది. అద్దె ఒక్క నెల కూడా ఆగలేదు, కానీ రసీదులన్నీ ఇప్పటికీ నాన్నగారి పేరు మీదే వస్తున్నాయి. పేరు మార్చమని రెండుసార్లు అర్జీ పెట్టాం, జవాబు లేదు.

పోయిన సోమవారం నోటీసు ఇచ్చారు. అంతా ఒడియాలో ఉంది. అమ్మ ఒడియా మాట్లాడుతుంది గానీ చదవలేదు. పక్క షాపాయన చదివి చెప్పాడు: అమ్మ అనధికారికంగా ఉంటోందట, 15 రోజుల్లో ఖాళీ చేయాలట. ఇన్నేళ్లు అద్దె తీసుకుని ఇప్పుడీ మాట ఎలా అంటారు? అమ్మ రాత్రిళ్లు నిద్రపోవడం లేదు, నాకూ టెన్షన్‌గా ఉంది.

ఒడిశాలో ప్రభుత్వ స్థలాల్లో అనధికారికంగా ఉన్నవాళ్లని ఖాళీ చేయించే 1972 నాటి చట్టం ఉందని, దాని ప్రకారం ముందు సంజాయిషీ అడగాలని తెలిసింది. మాకొచ్చింది సంజాయిషీ నోటీసా, ఆఖరి ఉత్తర్వా? ఎలా గుర్తుపట్టాలి? వాళ్లు అద్దె తీసుకుంటూ వచ్చారు కాబట్టి అమ్మకి అద్దెదారు హక్కు వస్తుందా? జవాబు తెలుగులో రాసి ఒడియాలోకి మార్పిస్తే చాలా?

ఆడవాళ్లకి ఆదాయంతో పని లేకుండా జిల్లా న్యాయ సేవా సంస్థ ఉచితంగా లాయర్‌ని ఇస్తుందట. అలా వెళ్లినవాళ్లు ఎవరైనా ఉంటే ఏ కాగితాలు పట్టుకెళ్లాలో దయచేసి చెప్పండి. ఇంకా తొమ్మిది రోజులే ఉన్నాయి.